ఇష్యూ అండ్ స్టార్ట్

పెనుకొండ కోర్టు దగ్గరి టీ అంగడి బల్ల మీద ఆ రేకు పెట్టె మూత తీయగానే ముందు కలరా ఉండల వాసన పైకొచ్చింది. తర్వాత చిక్కుపడిన పట్టు పోగులు కొన్ని. వాటి కింద, రబ్బరు బ్యాండు వేసి కట్టిన పోస్టాఫీసు అక్నాలెడ్జిమెంటు కార్డులు. పదకొండు. ఒక్కోదాని మీద గుండ్రటి ముద్ర, ముద్ర మీద ఎవరో గుమాస్తా గిలికిన పొడి సంతకం.

వకీలు ఆ కట్టను పేకముక్కల్లా విప్పి, తేదీలు ఒక్కొక్కటే చదువుకున్నాడు.

"ఇవి ఇన్నాళ్లూ యాడ పెట్టింటివప్పా?"

"మా ఇంట్లో ఆమె దాచింది సార్. నా చేతిలో ఉంటే ఎప్పుడో పొయ్యిలో ఏసింటి."

"నీ కేసంతా ఇదే. తక్కింది గాలి."

ఆ కార్డుల దగ్గరికి మళ్లీ వస్తాను. అంతకు ముందు పాఠకులకు ఒక మాట. ఈ కథలో కండక్టరుకు పేరు లేదు. దాచిపెట్టాలని కాదు, ఇది ఒక్కడి కథ కాదు కనుక. హిందూపురం, పెనుకొండ, ధర్మవరం దారుల్లో టికెట్లు కొట్టి, ఉద్యోగం పోగొట్టుకుని, ఏళ్లు గడిచాక లేబర్ కోర్టు మెట్లెక్కే కండక్టర్లు ఏ దారిన నడుస్తారో, ఆ దారిని ఒక మనిషిగా కూర్చి చెబుతున్నాను. సంఘటనలు, సంభాషణలు నేను అల్లినవి. చట్టాలు, సుప్రీంకోర్టు తీర్పులు, వాటి సంవత్సరాలు మాత్రం అల్లికలు కావు.

*

తొంభైల చివర. టికెట్ మిషన్లు ఇంకా రాలేదు. కండక్టరు చేతిలో రేకు ట్రే, అందులో రంగురంగుల టికెట్ కట్టలు, చెవి మీద పెన్ను, భుజానికి తోలు సంచి. టికెట్టు చింపేది బొటనవేలు. ఎండాకాలంలో ఆ వేలు ఎండి, ఒకటి చింపబోతే రెండు వచ్చేవి. అందుకని సీనియర్లు చిన్న డబ్బాలో తడి స్పాంజి ముక్క పెట్టుకునేవాళ్లు. స్టేజీ మారినప్పుడల్లా ఎస్సార్ కాగితంలో ఏ ధర టికెట్టు ఏ నంబరు దాకా తెగిందో రాసి మూయాలి. బస్సు గతుకుల్లో ఎగురుతున్నా అంకె మాత్రం ఎగరకూడదు.

హిందూపురం నుంచి ధర్మవరం పోయే ఆర్డినరీ బస్సు అది. ఆ రోజు పెనుకొండలో బాబయ్య దర్గా ఉరుసు. హిందూపురంలోనే సీట్లు నిండిపోయాయి. పట్టుగూళ్లు మార్కెట్లో అమ్ముకుని ఖాళీ బుట్టలతో తిరుగుముఖం పట్టిన రైతులు, చక్కెర, ఊదుబత్తీలు పట్టుకుని దర్గాకు పోయేవాళ్లు, ఫుట్‌బోర్డు మీద కాలేజీ పిల్లలు. సోమందేపల్లిలో ఇంకా తొమ్మిదిమంది ఎక్కారు.

ఆర్టీసీలో కండక్టరుకు మొదటిరోజే నేర్పే మంత్రం ఒకటుంది. ఇష్యూ అండ్ స్టార్ట్. ఎక్కినవాళ్లందరికీ టికెట్టు చించి ఇచ్చాకే బస్సు కదలాలి. వినడానికి మూడు ముక్కల మాట. ఉరుసు రోజు, వెనకాల లారీవాడు హారన్ మీద చెయ్యి తీయకుండా ఉంటే, డ్రైవరు అద్దంలోంచి చూస్తూ "ఏమన్నా, పోదామా?" అంటుంటే, ఆ మూడు ముక్కలూ పాటించిన కండక్టరు ఉంటే అతనికి దండం పెట్టాలి. మన కండక్టరు ఏడుగురికి టికెట్లు చించాడు. ఎనిమిదో మనిషి, తొమ్మిదో మనిషి ఒక ముసలి జంట. నాలుగు రూపాయల లెక్కన ఎనిమిది రూపాయలు అతని చేతిలో పెట్టారు. డబ్బు సంచిలో పడింది. అప్పుడే ముందు వైపు ఎవరో చిల్లర కోసం కేకేశారు.

"రైట్... రైట్."

పెనుకొండ ఇంకా రెండు కిలోమీటర్లుందనగా చెకింగ్ జీపు. టికెట్లు తనిఖీ చేసే టి.టి.ఐ.లు ఇద్దరు, ఒకరు ముందు ద్వారంలోంచి, ఒకరు వెనక ద్వారంలోంచి ఎక్కారు. తలలు లెక్కపెట్టారు, టికెట్లు లెక్కపెట్టారు. రెండు తక్కువ.

"టికెట్ ఏదమ్మా?"

"దుడ్లు ఇచ్చినాం సామీ. చీటీ ఇంగా ఈలేదు."

ఆ ముసలామె అబద్ధం చెప్పలేదు. కండక్టరు మీద చాడీ కూడా చెప్పలేదు. ఉన్నమాట చెప్పింది. కానీ ఉద్యోగం పోగొట్టడానికి ఆ మాట చాలు. సంచిలో డబ్బు లెక్కించారు. అమ్మిన టికెట్ల కంటే సరిగ్గా ఎనిమిది రూపాయలు ఎక్కువ ఉంది. పక్కనే ఆనుకుని నిలబడి స్పాట్ ఎక్స్‌ప్లనేషన్ రాయమన్నారు. "రద్దీ వలన టికెట్ ఇవ్వడం ఆలస్యమైనది" అని రాసి సంతకం పెట్టాడు. బస్సు మళ్లీ కదిలాక ఆ అవ్వ అడిగింది.

"మా వల్ల ఏమన్నా ఐందా నాయినా?"

"ఏం కాలేదు లే అవ్వా. కూసో."

ఆ ఎనిమిది రూపాయలు ఇంటికి పోయేవా, మరో నిమిషానికి రెండు టికెట్లయ్యేవా? నిజం తెలిసింది అతనొక్కడికే. ఈ కథ రాస్తున్న నేనూ అటో ఇటో తేల్చి చెప్పబోవడం లేదు. తర్వాత ఇన్నేళ్లు నడిచిన కాగితాలు కూడా ఆ సంగతి తేల్చలేదు.

*

చార్జి మెమో వచ్చింది. ఆర్టీసీ ఉద్యోగుల ప్రవర్తనా నిబంధనలు, 1963. అందులో 28వ నిబంధన. డబ్బు తీసుకుని టికెట్టు ఇవ్వకపోవడం, ఇష్యూ అండ్ స్టార్ట్ ఉల్లంఘన. సస్పెన్షన్. ఎంక్వయిరీ హిందూపురంలో. ఎంక్వయిరీ ఆఫీసరు ముందు టి.టి.ఐ. వాంగ్మూలం చదివారు. కండక్టరు ఒక్కటే అడిగాడు: ఆ ముసలి జంటను పిలిపించండి, వాళ్లనే అడగండి.

పిలవలేదు. పిలవనక్కర్లేదు కూడా. ఈ చిక్కుముడి 1977లోనే సుప్రీంకోర్టు విప్పేసింది. హర్యానాలో ఒక బస్సు కండక్టరు మీద ఇలాంటి కేసే. పదకొండుమంది టికెట్లు లేకుండా దొరికారు. వాళ్లలో ఒక్కరినీ సాక్షిగా పిలవలేదు. జస్టిస్ కృష్ణయ్యర్ అన్నదాని సారాంశం ఇది: శాఖాపరమైన విచారణ క్రిమినల్ కోర్టు కాదు, సాక్ష్యాల చట్టంలోని నియమాలన్నీ అక్కడ వర్తించవు, కాస్తో కూస్తో నమ్మదగిన ఆధారం ఉంటే చాలు. కార్మికుల పక్షపాతి అని పేరున్న న్యాయమూర్తి రాసిన తీర్పు అది. ఆయనే ఆ తలుపు మూశాక ఇంకెవరు తెరుస్తారు?

షోకాజ్ నోటీసు, జవాబు, ఆ తర్వాత రిమూవల్ ఆర్డరు. రిమూవల్ అన్నారు, డిస్మిసల్ అనలేదు. డిస్మిస్ చేస్తే మళ్లీ ప్రభుత్వ కొలువుల గడప తొక్కే వీలుండదు, రిమూవల్‌కు ఆ శాపం లేదు. డిపో గేటు బయట నిలబడ్డవాడికి ఆ తేడా ఎంత ఓదార్పో నాకు తెలియదు.

అప్పీలు పెట్టాడు, తిరగ్గొట్టారు. రివ్యూ పెట్టాడు, అదీ తిరిగొచ్చింది. ఆఖరి కాగితం అందుకున్న రోజు నుంచి గడియారం మొదలైంది. అది తిరుగుతున్న సంగతి అతనికి ఎవరూ చెప్పలేదు.

*

ధర్మవరంలో అతని అత్తగారిల్లు. మొదటి నెల రోజులు పొద్దున్నే ఖాకీ చొక్కా తొడుక్కుని బయటికి పోయేవాడు. వీధిలో వాళ్లు డ్యూటీకనే అనుకునేవాళ్లు. అతను జంక్షన్ స్టేషన్‌లో ప్లాట్‌ఫారం బెంచీ మీద కూర్చుని, వచ్చే రైళ్లు, పోయే రైళ్లు చూసి, సాయంత్రానికి ఇల్లు చేరేవాడు. ఒకరోజు భార్య ఆ చొక్కా ఉతికి, మడిచి, పెట్టెలో పెట్టి తాళం వేసింది. "ఇంగ చాలు. మగ్గం కాడికి రా" అంది.

ముప్పై అయిదేళ్ల మనిషి గుంత మగ్గంలో కాళ్లు పెట్టి నేత నేర్చుకోవడం సులువు కాదు. నేతపని తొట్టెలోనే అబ్బాలంటారు అక్కడ. పోగు తెగిన చోట ముడి కనబడకుండా అతకడానికి అతనికి ఏడాది పట్టింది. టికెట్టు చింపడానికి అలవాటైన బొటనవేలికి ఇప్పుడు తెగింది కలపడం పని. మాస్టర్ వీవరు రేషం అనే పట్టు పోగు, జరీ ఇచ్చేవాడు. చీర దించితే కూలి.

ఇక్కడే పెద్ద ప్రశ్న ఎదురవుతుంది. ఎందుకంత ఆలస్యం చేశాడు? కార్పొరేషన్ తరఫు లాయర్లు ప్రతి కేసులో మొదట అడిగే ప్రశ్న ఇదే. బద్ధకమనుకుంటే ఒక్క మాటలో తేలిపోతుంది. కానీ ఇలాంటివాళ్ల కాగితాలు తిరగేస్తే కనిపించేది బద్ధకం కాదు, నమ్మకం. పైవాళ్లకు దయ కలుగుతుందన్న నమ్మకం. యూనియన్ నాయకుడు "మంత్రిగారితో మాట్లాడినా, ఫైలు కదుల్తాండాది" అంటాడు. అది ఒక సంవత్సరం. కొత్త ఎం.డి. వచ్చాడు, మంచివాడట. హైదరాబాదు ముషీరాబాద్‌లో బస్ భవన్‌కు మెర్సీ పిటిషను. అది ఇంకో సంవత్సరం. ఎన్నికలొచ్చాయి. కూతురి పెళ్లి వచ్చింది. కరువొచ్చింది. అనంతపురం జిల్లాలో అది చెప్పిరాదు. కోర్టు మాట ఎవరైనా ఎత్తితే "కోర్టుకు పోతే సార్లకు కోపమొస్తాది" అనే మాట ముందు. మొరపెట్టుకుంటే మనవాడు, కోర్టుకెక్కితే పగవాడు: మన ఊళ్ల లెక్క అది. చట్టం లెక్క దీనికి తలకిందులు.

ప్రభుత్వ ఉద్యోగుల కేసులో చట్టం ఈ మాట మొహమాటం లేకుండా చెబుతుంది. 1985 నాటి అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునళ్ల చట్టం 21వ సెక్షను తుది ఉత్తర్వు వచ్చిన ఏడాదిలోపు రమ్మంటుంది. 1989లో సుప్రీంకోర్టు ఏడుగురు జడ్జీల ధర్మాసనం ఇంకో మేకు కొట్టింది. నిబంధనల్లో లేని విన్నపాలు ఎన్ని పెట్టుకున్నా గడువు పెరగదంది. 2008లో మరో కేసులో, చచ్చిన వ్యవహారం మీద కొత్తగా విన్నపం పెట్టి, దానికి జవాబు తెప్పించుకున్నంత మాత్రాన దానికి ప్రాణం రాదని తేల్చింది. మన కండక్టరు ఏ మండల ఆఫీసులోనో అటెండరై ఉంటే పెట్టెలోని పదకొండు కార్డులూ పొయ్యిలోకే పనికొచ్చేవి.

అతని అదృష్టం ఏమిటంటే అప్పటికి ఆర్టీసీ ఉద్యోగి సర్కారు ఉద్యోగి కాదు. 1950 నాటి చట్టం కింద ఏర్పడ్డ కార్పొరేషన్‌లో కార్మికుడు. కార్మికుడికి అప్పుడు 1947 నాటి పారిశ్రామిక వివాదాల చట్టం ఉండేది.

*

తొమ్మిదో ఏడు. మాస్టర్ వీవరు వ్యానులో మన కండక్టరు రేషం కోసం హిందూపురం పోయాడు. బస్టాండు ముందు ఖాకీ చొక్కాలో పాత స్నేహితుడు ఎదురయ్యాడు. అతనూ టికెట్ కేసులో పోయినవాడే.

"నువ్వెట్ల మళ్లీ లోపలికి పోయినావు?"

"అనంతపురం లేబర్ కోర్టు. ఐ.డి. కేసు ఏసినా. నువ్వు ఎయ్యలేదా?"

ఆ రాత్రి ఇంటికి రాగానే భార్యను పెట్టె తాళంచెవి అడిగాడు. మూడోనాటికి పెనుకొండలో ఆ టీ అంగడి.

కార్డులు చూసి మెచ్చుకున్న వకీలు తర్వాత మొహం గంటు పెట్టుకున్నాడు.

"ఒకటి చెప్తా విను. జడ్జి ముందర 'నా స్నేహితునికి ఇచ్చినారు, నాకూ ఈండి' అంటే కేసు ఆడికాడికే చచ్చె."

ఆయన మనసులో మెదిలింది నెడుంగడి బ్యాంకు కేసు. 1972లో ఉద్యోగం పోయిన బ్యాంకు ఉద్యోగి ఏడేళ్ల తర్వాత, మరో ఇద్దరిని తిరిగి తీసుకున్నారు కదా అని వివాదం లేపాడు. 2000లో సుప్రీంకోర్టు కుదరదంది. చట్టంలో గడువు రాయనంత మాత్రాన చల్లారిన బూడిదను ఎప్పుడంటే అప్పుడు ఊదొచ్చని కాదు అన్నది దాని భావం.

"మరి నాదీ ఏడేండ్లు దాటిపాయె కదా సార్?"

"దాటింది. కానీ వాని కాడ ఈ కార్డులు లేవు. నిప్పు ఆరలేదని చెప్పేకి నీకు ఇవుండాయి."

వకీలుకు ధైర్యమిచ్చింది అంతకు ఏడాది ముందు, 1999లో వచ్చిన తీర్పు. పంజాబులో ఒక సహకార సంఘం ఉద్యోగి. 1974లో తీసేస్తే 1981 డిసెంబరులో గానీ డిమాండ్ నోటీసు ఇవ్వలేదు. లేబర్ కోర్టు ఉద్యోగమిచ్చింది, ఆలస్యమైందని హైకోర్టు కొట్టేసింది, సుప్రీంకోర్టు తిరిగి నిలబెట్టింది. లిమిటేషన్ చట్టం ఇక్కడికి రాదంది. ఆలస్యం చేసినవాడికి తలుపు మూయక్కర్లేదు, ఆలస్యమైన కాలానికి జీతం కోస్తే సరిపోతుందంది. జీతం లెక్క అతను నోరు తెరిచిన 1981 నుంచే మొదలైంది.

రెండు తీర్పులు. రెండింటిలోనూ ఏడేళ్లే. ఒకటి అటు, ఒకటి ఇటు. ఈ రెండింటి మధ్య సందులోంచి ఒక మనిషిని ఇవతలికి లాగడమే లేబర్ కోర్టు వకీలు విద్య.

ఇంకో మేలు మన రాష్ట్రం చేసిపెట్టింది. అంతకు ముందు కార్మికుడు నేరుగా లేబర్ కోర్టుకు పోలేడు. లేబర్ ఆఫీసరు దగ్గర రాజీ చర్చలు జరగాలి, అవి విఫలమైనట్టు నివేదిక పోవాలి, ప్రభుత్వం దయదలచి రిఫరెన్సు పంపాలి. 1987లో ఆంధ్రప్రదేశ్ పారిశ్రామిక వివాదాల చట్టాన్ని సవరించి 2-ఏ సెక్షనులో కొత్త ఉపవిభాగం చేర్చింది. తొలగించిన కార్మికుడు తిన్నగా లేబర్ కోర్టులో పిటిషను వేసుకోవచ్చు. అందులో గడువు మాట లేదు. దేశం మొత్తానికి ఇలాంటి వెసులుబాటు రావడానికి 2010 దాకా పట్టింది.

*

అనంతపురం లేబర్ కోర్టులో బోనులాంటిది ఉంది గానీ నేరం మోపబడ్డవాడి భయం ఉండదు. ఉండేది విసుగు. వాయిదా, మళ్లీ వాయిదా. ధర్మవరం నుంచి పొద్దున బస్సు. టికెట్టు కొనుక్కునే పోయేవాడు. కండక్టరు గుర్తుపట్టి "వద్దులే అన్నా" అన్నా వినేవాడు కాదు. ఆ టికెట్లు కూడా ఆ పెట్టెలోనే చేరాయి.

క్రాస్ ఎగ్జామినేషన్ రోజు కార్పొరేషన్ వకీలు లేచాడు.

"తొమ్మిదేళ్లు నిద్రపోయినారా?"

"నిద్ర యాడిది సార్. రాత్రిళ్లు గూడా మగ్గమే."

"అంటే సంపాదిస్తానే ఉండారు?"

తన వకీలు గుటక మింగడం కండక్టరు చూశాడు. కానీ మాట అప్పటికే బయటపడింది.

"బతకల్ల గదా సార్."

అవతలి పక్షానికీ ఒక న్యాయం ఉంది, అది చెప్పకపోతే నేను మోసం చేసినట్టు. తొమ్మిదేళ్ల తర్వాత డిపోలో ఆ ఎస్సార్ కాగితం ఉండాలని ఎవరు ఆశిస్తారు? ఆ టి.టి.ఐ. రిటైరై ఏ ఊరికి పోయాడో. ఆలస్యంగా వచ్చిన కేసులో నష్టపోయేది ఒక పక్షమే కాదు, నిజం కూడా నష్టపోతుంది. పైగా ఆర్టీసీకి కండక్టరు సంచి అంటే ఖజానా. 2001లో కర్ణాటక ఆర్టీసీ కండక్టరు కేసులో సుప్రీంకోర్టు కరుకుగానే మాట్లాడింది. అలా డబ్బు వసూలు చేస్తే అది మోసమైనా కావాలి, ఘోరమైన నిర్లక్ష్యమైనా కావాలి, రెండింటిలో ఏదైనా ఉద్యోగంలో ఉంచడానికి తగడు, కింది కోర్టులు చూపే జాలి చోటు తప్పిన జాలి అన్నది. మొత్తం చిన్నదా పెద్దదా అన్నది లెక్కలోకి రాదన్నది తర్వాత్తర్వాత మామూలు మాటే అయిపోయింది. ఎనిమిది రూపాయలైనా ఎనిమిది వేలైనా పోయేది నమ్మకమే కదా అని.

కానీ లేబర్ కోర్టు చేతిలో పారిశ్రామిక వివాదాల చట్టం 11-ఏ సెక్షను ఉండేది. 1971లో చేర్చారు. ఎంక్వయిరీ సక్రమమే, ఆరోపణా రుజువైంది, అయినా తప్పుకు మించిన శిక్ష పడిందనిపిస్తే జడ్జి దాన్ని తగ్గించొచ్చు. ఈ కేసులో జడ్జి ఆ సెక్షను తీశాడు. తొమ్మిదిమందిలో ఏడుగురికి టికెట్లు తెగాయి. బస్సు కిక్కిరిసి ఉంది. డబ్బు సంచిలోనే ఉంది, జేబులో లేదు. ఇష్యూ అండ్ స్టార్ట్ తప్పాడు, అందుకు శిక్ష ఉండాలి. ఉద్యోగం తీసేయడం మాత్రం ఎక్కువ.

ఆలస్యం సంగతి? పదకొండు కార్డులు వరసగా, కార్మికుడి పక్షం పత్రాలకు వేసే డబ్ల్యూ గుర్తులతో రికార్డుకెక్కాయి. ప్రతి ఏడూ ఏదో ఒక కార్డు ఉంది. దయ కోసం పంపిన కాగితాలు గడువును పెంచవు, నిజమే. కానీ మనిషి గొడవ వదిలేయలేదని చూపిస్తాయి. లేబర్ కోర్టుకు కావలసింది అదే. భార్య పెట్టిన తాళం ఆ రోజు సాక్ష్యం చెప్పింది.

అవార్డు: తొలగింపు రద్దు. తిరిగి ఉద్యోగం. కంటిన్యుటీ ఆఫ్ సర్వీసు. పాత జీతం బకాయిలు లేవు.

*

గెలిచాడని ఊరంతా అన్నారు. ఎంత గెలిచాడో లెక్క వేద్దాం. కేసు నడిచిన కాలాన్ని పక్కన పెడితే, తొమ్మిదేళ్ల జీతం సున్న. కంటిన్యుటీ ఉంది కదా, తొమ్మిది ఇంక్రిమెంట్లు కలపండి అని అడుగుదామంటే, 2003లోనే ఏపీఎస్సార్టీసీ కేసులో సుప్రీంకోర్టు దారి మూసింది. కంటిన్యుటీ అంటే సర్వీసు తెగిపోలేదని మాత్రమే, పనిచేయని కాలానికి ఇంక్రిమెంట్లు వాటంతట అవి రావు, అవార్డులో విడిగా రాసి ఉంటే తప్ప. అంటే ట్రే దించిన నాటి బేసిక్ దగ్గరే మళ్లీ ఎక్కాలి. మిగిలింది గ్రాట్యుటీ. 1972 చట్టం లెక్కన ఏడాదికి పదిహేను రోజుల జీతం. తొమ్మిదేళ్లకు నూట ముప్పై అయిదు రోజులు. గుంతలో కాళ్లు పెట్టుకుని కూర్చున్న తొమ్మిదేళ్లకు చట్టం కట్టిన ఖరీదు, నెలకు ఇరవై ఆరు రోజుల లెక్కన ఉద్యోగ విరమణ నాడు చేతికందే అయిదు నెలల పైచిలుకు జీతం.

కార్పొరేషన్ హైకోర్టులో రిట్ వేసింది. అప్పుడు హైకోర్టు హైదరాబాదులో. పారిశ్రామిక వివాదాల చట్టం 17-బి సెక్షను కింద రిట్ తేలేదాకా ఆఖరున అందుకున్న జీతం అడగొచ్చు. కానీ తను ఏ సంస్థలోనూ పనిచేయడం లేదని అఫిడవిట్ వేయాలి. వకీలు పెన్ను అక్కడ ఆగింది.

"మగ్గం సంస్థేనా సార్?"

"మాస్టర్ వీవరుది జరీ, నీది కాలు. సంస్థ యాడుందప్పా? కానీ కోర్టులో చెప్పేసినావు కదా, సంపాదిస్తానే ఉండానని."

ఉన్నదున్నట్టు రాశారు. ఇంటి మగ్గం మీద కూలికి నేస్తున్నానని. ఆ పిటిషను విచారణకు రాకముందే రిట్ కొట్టేశారు.

ఈ కథ తర్వాత పదేళ్లకు జరిగి ఉంటే ఇలా ముగిసేది కాదు. 2010 సెప్టెంబరు 15 నుంచి అమల్లోకి వచ్చిన కేంద్ర సవరణ తొలగించిన నాటి నుంచి మూడేళ్లలోపు రమ్మంది. 2015లో, పక్కనే కర్ణాటక పట్టు పరిశ్రమల శాఖ కేసు వచ్చింది. 1985లో పని పోయిన మనిషి 14 ఏళ్ల తర్వాత వివాదం లేపాడు. మధ్యలో దాన్ని బతికించి ఉంచినట్టు ఏ ఆధారమూ లేకపోతే ఆ వివాదం చచ్చినట్టే లెక్క అంది సుప్రీంకోర్టు. అంతకు ఏడాది ముందు, 2014లో, హర్యానా రోడ్‌వేస్ కండక్టరుకు మాత్రం అదే కోర్టు ఉద్యోగం ఇప్పించింది. 1994లో తొలగించిన మనిషి. అతని మీది క్రిమినల్ కేసు కొట్టేయడానికి 2002 దాకా పట్టింది, కోర్టుకు ఆలస్యంగా రావడానికి కారణం చూపగలిగాడు. ఇక పారిశ్రామిక సంబంధాల కోడ్ వచ్చాక ఆ మూడేళ్లూ రెండయ్యాయి. ఆర్టీసీ ఉద్యోగులేమో 2020 జనవరి 1 నుంచి ప్రజా రవాణా శాఖ కింద ప్రభుత్వ ఉద్యోగులైపోయారు. హిందూపురం, పెనుకొండ, ధర్మవరం మూడూ శ్రీ సత్యసాయి జిల్లాలోకి పోయాయి. పెట్టెలో కార్డులు దాచే ఇల్లాళ్లు మాత్రం అన్ని ఊళ్లలోనూ ఉన్నారు. కార్డులతో పాటు క్యాలెండరు కూడా చూడమని వాళ్లకు చెప్పే మనిషే కావాలి.

*

డ్యూటీలో చేరే రోజు భార్య ఆ ఖాకీ చొక్కా తీసింది. కలరా ఉండల వాసన ఎంత ఉతికినా పోలేదు. గుండీలు పెట్టుకోవడం కష్టమైంది. పొట్ట దగ్గర కాదు, భుజాల దగ్గర. మగ్గం భుజాలను పెంచింది.

డిపోలో అతని చేతికి ట్రే ఇవ్వలేదు. టిమ్ మిషన్ ఇచ్చారు. ఒక కుర్ర కండక్టరు పావుగంట నేర్పాడు. స్టేజీ నొక్కు, మనుషుల సంఖ్య నొక్కు, టికెట్టు అదే వస్తుంది. అదే రూటు, హిందూపురం నుంచి ధర్మవరం. సోమందేపల్లిలో బస్సాగింది. ఎక్కినవాళ్లు ఎక్కువేం లేరు, అయిదుగురో ఆరుగురో. కుడిచేతి బొటనవేలు మిషన్ మీద ఏమీ లేని చోట రెండుసార్లు రాసుకుంది, తడి స్పాంజి కోసం.

"పోదామా అన్నా?" డ్రైవరు.

"హోల్డాన్."

మీట తప్పుగా నొక్కాడు, చెరిపాడు, మళ్లీ నొక్కాడు. వెనక లారీ హారన్ కొట్టింది. ముందు సీటాయన వాచీ చూసుకుని గొణిగాడు. ఎండలో బస్సు ఇంజను దడదడలాడుతూ నిలబడే ఉంది. ఆఖరి మనిషి ఒక కాలేజీ అమ్మాయి. టికెట్టు ఆమె చేతిలో పెట్టి, ఒకసారి వెనక్కి తిరిగి బస్సంతా చూశాడు. తలలు లెక్కపెట్టాడు.

"రైట్."